ఏడో మెట్ట రోలు

8 నవంబరు 1998, ఆదివారం

ఈ పుస్తకంలో వెనకవైపు నుంచి ఇంటి ఖర్చులు రాస్తున్నాను, ముందువైపు నుంచి ఇది. రెండూ మధ్యలో కలిసేసరికి నేనిక్కడ ఉండను. జనవరి ఒకటి నుంచి విజయనగరంలో గది మాట్లాడాం. మా అబ్బాయి శ్రీకాంత్‌కి హాస్టలు తిండి పడడం లేదు. ఇంటర్ చదివే పిల్లాడు అరాకొరా తిని ఎలా చదువుతాడు? నేను వెళ్ళి వండిపెట్టాలి.

మాట్లాడడానికి మనిషి లేక రాస్తున్నానని కాదు. ఊరికే.

జూన్‌లో ఈ రేవుకి వచ్చాను. ఎనిమిదేళ్ళుగా ఈయన ఇక్కడ కొట్టు నడుపుతున్నారు. నేను సాలూరులో పిల్లాడిని పెట్టుకుని ఉండేదాన్ని. వాడు కాలేజీకి వెళ్ళగానే మా సామాను జీపు మీదకెక్కింది. వస్తావా అని నన్నెవరూ అడగలేదు.

వాకిట్లో రోడ్డు, పెరట్లో రిజర్వాయరు. ఆనకట్ట కట్టి నలభై ఏళ్ళయిందట. కొండ వరస మునిగిపోయి, శిఖరాలు ఏడు మాత్రం నీళ్ళమీద మిగిలాయి. ఏడు మెట్టలంటారు. ఆరింటి మీద జనం ఉన్నారు. మాకు దగ్గరగా ఉన్న ఏడోదాని మీద ఉసిరి చెట్లు తప్ప ఏమీ లేవు. మా పెరటి బండే నీళ్ళలోకి దిగి, కొంత దూరం మునిగి, మళ్ళీ ఆ మెట్టగా పైకి లేస్తుంది.

12 నవంబరు, గురువారం

సంత. ఉప్పు, కిరసనాయిలు, ఎండు సావడాయి చేపలు బాగా పోయాయి. కాఫీ పొడి పొట్లాలు మధ్యాహ్నానికే అయిపోయాయి. గింజలు వేయించి, నేనే దంచి కట్టినవి. అది నేను వచ్చాక మొదలుపెట్టిన పని. పెరట్లో ఉప్పు బస్తాల కింద పలక, పలక కింద బండలోనే తొలిచిన రోలు బయటపడింది జూలైలో. ఎవరూ వాడడం లేదని ఈయన దాని మీద పలక కప్పేశారు. నేను బస్తాలు పక్కకి జరిపించి, చింతపండుతో తోమి, వాడుకలోకి తెచ్చాను.

తెల్లవారకముందు మెట్టల మీద నుంచి వాయిద్యాలు వినబడుతున్నాయి. కార్తీక పున్నమి దాటాక సాధన మొదలుపెట్టి పుష్య పున్నమి దాకా చేస్తారట. పిలుపుల పండగ అంటారు. మొదటి మెట్ట మీద డోలు ఒక్కసారి మోగుతుంది. రెండో మెట్ట జోడుకొమ్ములతో అందుకుంటుంది. అలా ఒక్కో మెట్ట నుంచి ఒక్కో వాయిద్యం. ఆరో మెట్ట మీద తుడుము అనే చర్మవాయిద్యం. ఆ తర్వాత ఒక గుక్క ఖాళీ. మళ్ళీ డోలు.

నేను వినడానికి కూర్చోలేదు. దంచుకుంటుంటే చెవిన పడింది అంతే.

15 నవంబరు

పొద్దున్నే పెరట్లో దగ్గు. ఈయనకి మిరియాల కషాయం కాచి తెచ్చాను. "దగ్గు ఎవరికే?" అన్నారు. చూస్తే ఈయన ఇంకా దుప్పట్లోంచి లేవనేలేదు.

పెరట్లో ఎవరూ లేరు. మంచు తప్ప.

కషాయం నేనే తాగాను, పారబోయడమెందుకని.

19 నవంబరు, గురువారం

దగ్గు సంగతి పడవ నడిపే మంగ్లుకి చెప్పాను. నవ్వి నవ్వి పడవ అంచు పట్టుకున్నాడు.

"అది అయిదో మెట్ట మీద మా పెదనాన్నదమ్మా. పగలు గొంతు సించుకుని కేకేసినా ఇనబడదు. పొద్దున్న మంచు నీటి మీద కమ్మినప్పుడు గుసగుసలాడినా ఏడు మెట్టలకీ ఇనిపిత్తాది. అందుకే మావోళ్ళు పొద్దున్నపూట మొగుడూ పెళ్ళాం తగువాడుకోరు. ఎండ ఎక్కినాక మొదలెడతారు."

ఇదేదో కబుర్లు చెబుతున్నాడనుకున్నాను. ఇంతలో ఆరో మెట్ట ఈశ్వరమ్మ ఉప్పు కొనడానికి వచ్చింది. తుడుము కొట్టేది ఆవిడే. ముసలావిడ, చెవికి మూడు పోగులు, చేతులు మాత్రం వయసు పిల్ల చేతుల్లా గట్టిగా ఉంటాయి. ఉప్పు చెంగున కట్టుకుంటూ, "మీ గుంటడికి ఆస్టల్లో కూడు పడనేదంట గదమ్మా. ఏటి తింతన్నాడో పాపం" అంది.

ఈ మాట నేను బయట ఎవరితోనూ అనలేదు. ప్రతిరోజూ దంచుతూ ఈయనతో అంటాను. ఒక్క ఆ మాటేనా? "ఈ అడవిలో నన్ను పడేశారు", "జనవరి రానివ్వండి, తిరిగి చూడను" అనీ అంటాను. ఈయన పళ్ళు తోముకుంటూ ఉంటారు.

అంటే అన్నీ ఏడు మెట్టలూ విన్నాయి.

ముఖం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. ఈశ్వరమ్మకి కొసరు ఉప్పు వేశాను.

20 నవంబరు

పొద్దున్న నోరు విప్పలేదు. "ఒంట్లో బాగోలేదా?" అని ఈయన రెండుసార్లు అడిగారు.

23 నవంబరు, సోమవారం

ఇవాళ్టిది రాయకుండా ఉండలేను.

మంచు ఎంత దట్టంగా పట్టిందంటే పెరటి బండ తర్వాత లోకం లేదు. పొయ్యి రాజేసి గింజలు వేయించాను, రోట్లో పోశాను. ముందు మంచులోంచి కోడి కూత. తర్వాత ఎవరో కుండలో నీళ్ళు ముంచుతున్న చప్పుడు, నా మోచేతి పక్కనే ముంచుతున్నంత దగ్గరగా. ఎవరో పిల్లని ముద్దుచేస్తూ వాళ్ళ భాషలో రెండు ముక్కలు. ఎక్కడో మైళ్ళవతల ఒక తల్లి, నా చెవిలో.

తర్వాత డోలు. ఒక్క దెబ్బ. అది గాలిలో కాదు, నీళ్ళమీద నడిచి వచ్చినట్టుంది. బకెట్లో నీళ్ళు సన్నగా వణికాయి. కొమ్ములు ఊదినప్పుడు ఆ వణుకు ఒక వలయమై మధ్యకి చేరింది. మూడో మెట్ట డప్పు, నాలుగోది చిరుగజ్జెలు, అయిదోది మోరి. ఆ మోరి ఊదే మనిషే రోజూ దగ్గే పెదనాన్నట. దగ్గే రొమ్ములోంచి అంత తీయని ఊపిరి ఎలా వస్తుందో! ఆరో మెట్ట తుడుము, ఈశ్వరమ్మ చేతులు.

ఏ మెట్ట మీదా పూర్తి పాట లేదు. ఒక్కొక్కరి దగ్గర ఒక్క ముక్క. నీళ్ళు రాకముందు వీళ్ళందరూ ఒకే కొండ మీద గుండ్రంగా కూర్చుని వాయించేవారట. నీళ్ళొచ్చి విడదీశాయి. వీళ్ళు మాత్రం కూర్చున్న చోటి నుంచే ఆ గుండ్రాన్ని అలాగే ఉంచుకున్నారు. మధ్యలో అంత నీరున్నా ఎవరి వంతు వారికి తెలుసు. మా కుటుంబాల్లో ఒకే పంక్తిలో కూర్చుని కూడా ఒకరి మాట పూర్తికానివ్వరు.

ఎండ పడింది. కత్తెరతో దారం తెంపినట్టు అన్నీ ఆగిపోయాయి. మంచు లేచిపోతూ ఏడు మెట్టల అడుగులూ కనబడకుండా తలలు మాత్రం చూపించింది. నీళ్ళమీద కాదు, నీళ్ళకి జానెడు పైన నిలబడ్డాయి.

పొడి చూసుకుంటే బాగా మెత్తగా ఉంది. ఎప్పుడు దంచానో గుర్తు లేదు. చెయ్యి దానంతటది పని చేసుకుపోయినట్టుంది.

26 నవంబరు, గురువారం

సంతకి మెట్టల వాళ్ళు ఎక్కువమంది వచ్చారు. ఆడవాళ్ళు కొట్టు ముందు నుంచి కాకుండా పెరటి వైపు నుంచి వస్తున్నారు. రోలు చూస్తారు, నన్ను చూస్తారు, నవ్వుతారు, వెళ్తారు. కాఫీ పొడికి పేరొచ్చినట్టుంది.

సాయంత్రం రోటి పక్కన ఆనపబుర్రలో తేనె పెట్టి ఉంది. ఎవరు పెట్టారో తెలియదు. మంగ్లుని అడిగితే ఆకాశం చూశాడు.

3 డిసెంబరు, గురువారం

సంత కాగానే మంగ్లు పడవ మీద ఆరో మెట్టకి వచ్చాను. చూసి సాయంత్రానికి తిరిగి వెళ్దామనుకున్నాను. గాలి లేచింది. పడవ కదలదన్నాడు. రాత్రికి ఈశ్వరమ్మ ఇంట్లో పడక. పుస్తకం సంచిలో ఉంది కాబట్టి రాస్తున్నాను.

పది గడపల ఊరు. పేడ అలికిన అరుగులు చేత్తో రాస్తే జారిపోయేంత నున్నగా ఉన్నాయి. తుడుము పొయ్యి పైన ఉట్టిలో వేలాడుతోంది, చర్మం చెమ్మ పట్టకుండా. ఇంటిల్లిపాదీ తినేముందు దానికి ఒక్కసారి పొగ చూపిస్తారు. నాకు సోళ్ళంబలి, అదే రాగి అంబలి, గుమ్మడి పూల కూర పెట్టారు. మా ఇంట్లో అతిథి వస్తే ఇలా నిమ్మళంగా పెట్టగలనా అనుకున్నాను. నేను ముందే గిన్నెల్లోకి కొలిచేస్తాను.

4 డిసెంబరు

అక్కడ పొద్దున్న జరిగింది, ఇంటికొచ్చి రాస్తున్నాను.

చీకటుండగానే ఊరంతా లేచింది. మంచు. డోలు మోగింది. ఒక్కో పిలుపూ దాటి అయిదో మెట్ట మోరి దగ్గరపడుతుంటే ఈశ్వరమ్మ తుడుము ముందు కూర్చుంది. రెండు పుల్లలూ ఎత్తింది. కొట్టింది. అంతే, ఊరు మొత్తం ముఖాలు తిప్పి రేవు వైపు చూశారు. పిల్లలు కూడా.

ఏమీ రాలేదు. మళ్ళీ డోలు.

"దేనికోసం చూస్తున్నారు?" అని అడిగాను. ఈశ్వరమ్మ పుల్లలు తుడుముకి ఆనించి, నా వైపు చూసి, చూపు దించుకుంది. పక్కనున్న కోడలు నోటికి చెంగు అడ్డం పెట్టుకుంది.

అప్పుడు మంచులోంచి మా కొట్టు పక్క టీ హోటలు నడిపే కనక గొంతు వచ్చింది. మా పెరట్లో నిలబడి మాట్లాడుతోంది, ఎదురుగా ఉన్నట్టే.

"ఏటి బాబూ, అక్క లేకపోతే పొయ్యి రాజేసుకోడం కూడా రాదేటి? రా, టీ తాగు. జనవరిలో ఎల్లిపోతాదంట గదా. అప్పుడేటి సేత్తావు?"

ఈయన గొంతు: "ఏం చేస్తాను. ఎనిమిదేళ్ళు ఉన్నానుగా."

"ఉండిపోమని అడగరాదేటి?"

కప్పు కింద పెట్టిన చప్పుడు.

"పిల్లాడికి తిండి లేదంటోంది. అలాంటప్పుడు ఉండమని ఎలా అడుగుతాను? అడిగితే ఉండిపోతుందేమో. అది ఇంకా బాధ."

ఇరవై ఏళ్ళ కాపురంలో ఈయన ఒక్క గుక్కలో ఇన్ని మాటలనడం నేను వినలేదు. వినడానికి నీళ్ళు దాటి రావలసి వచ్చింది. ఈశ్వరమ్మ పొయ్యిలో పుల్లలు సర్దుతోంది, ఏమీ విననట్టు. ఆ ఊళ్ళో అందరూ ఆ క్షణాన ఏదో ఒకటి సర్దుతున్నారు.

ఎంత మర్యాద!

ఇంటికొచ్చాక ఈయన, "గాలి ఎక్కువుందా?" అన్నారు. "ఉంది" అన్నాను.

10 డిసెంబరు, గురువారం

ఉండబట్టలేక కనకని అడిగాను, పెరట్లోకి ఎందుకొస్తున్నారు వీళ్ళంతా అని.

"ఒలమ్మా! నీకింకా తెలీదేటి? ఆరు నెల్లబట్టి ఆ రోటి మీద కూకున్నావు, దాని సంగతి తెలీదా? నాను ఇరవై ఏళ్ళబట్టి ఈ రేవులో టీ కాత్తన్నాను, నాకు తెలుసు. ఆళ్ళు నీకు సెప్పరు. సెప్పకూడదంట."

కనక చెప్పినది ఇది. నాకు అర్థమైనంతలో రాస్తాను.

ఏడో మెట్ట జవాబు డోలూ కాదు, డప్పూ కాదు. రోకలి. ఈ రోలు ఆ మెట్ట వాళ్ళది. మా పెరడు నేను అనుకున్నట్టు ఒడ్డు కాదు, ఏడో మెట్ట భుజం. నీళ్ళు మధ్యలోంచి వెళ్ళాయి అంతే. ఆ ఊరి చివరి మనిషి సుక్రి, మంగ్లు మేనత్త, ఇక్కడే గుడిసె వేసుకుని పొద్దున్నే సోళ్ళు దంచేది. ఆ దెబ్బతోనే ఒక చుట్టు పూర్తయ్యేది. రెండేళ్ళ క్రితం ఆవిడ పోయింది. మంగ్లు సరేనంటే ఈయన గుడిసె చోటు పెరట్లో కలుపుకున్నారు. రోటి మీద పలక, పలక మీద బస్తాలు.

అప్పటి నుంచి రెండు పండగలు ఏడో పిలుపు లేకుండా గడిచాయి. మూడోసారి కూడా రాకపోతే ఆరు మెట్టల వాయిద్యాలూ నీటికి ఇచ్చేస్తారు. ఇక వాయించరు. అది వాళ్ళ కట్టుబాటు.

"మరి మంగ్లు ఒక్క మాట చెబితే బస్తాలు ఆనాడే తీయించేదాన్ని కదా!"

"అడిగి కొట్టించుకుంటే అది పిలుపెలగవుతాదక్కా? దానంతటది రావాల. అదీ ఆళ్ళ కట్టే. అందుకే ఉప్పు కొనుక్కుని, నీ మొకం సూసుకుని పోతన్నారు. ఆ ఈశ్వరమ్మ ఇంట్లో ఇప్పుడు ఊరగాయ పెట్టేంత ఉప్పుంది."

నేను నవ్వాను. తర్వాత నవ్వలేకపోయాను.

ఈ ఏడాది సాధనలో, మంచున్న రోజుల్లో, ఏడో దెబ్బ వస్తోందట. తుడుము తర్వాత ఆ ఖాళీలో నా రోకలి పడుతోందట. నేను వినడం లేదనుకున్నాను. నా చెయ్యి వింటోంది.

11 డిసెంబరు

దంచలేదు. భయం వేసింది.

14 డిసెంబరు

పగలు దంచుతున్నాను, ఎండలో. పొడి అదే పొడి. నాకూ వాళ్ళ పండగకీ ఏమిటి సంబంధం? ముప్ఫయ్యో తారీఖు జీపుకి నా ట్రంకు పెట్టె వెళ్ళాలి.

పొద్దున్న తుడుము తర్వాతి ఖాళీ ఇదివరకటి కంటే పొడుగ్గా ఉంది. కావాలని ఆగుతున్నారేమో. లేదు, నాకే అలా అనిపిస్తోంది.

17 డిసెంబరు, గురువారం

ఈశ్వరమ్మ వచ్చింది. ఉప్పు అడిగింది. నేను ఇవ్వలేదు. పీట వేసి కూర్చోమన్నాను.

"కనక నాకంతా చెప్పిందమ్మా. నువ్వు అడగకూడదు, నాకు తెలుసు. నేను అడుగుతాను, నువ్వు చెప్పు. నేను మీ మనిషిని కాను. మీ దేవుడూ తెలీదు, మీ భాషా రాదు. నేను దంచుతున్నది కాఫీ గింజలు, కొట్లో అమ్మడానికి. అది మీకు పిలుపెలా అవుతుంది? నేను మిమ్మల్ని మోసం చేసినట్టు కాదా?"

ఆవిడ పీట రోలు వైపు తిప్పుకుంది.

"సుక్రి మాత్రం దేముడా ఏటమ్మా? ఆకలేసి దంచేది. మేనల్లుడి మీద కోపమొచ్చినా దంచేది. ఓపాలి నన్ను తిట్టుకుంటా దంచింది, తుడుము ఆలీసమైందని. ఇనబడింది నాకు." నవ్వింది. "మెట్టకి సేతులుంటాయేటి? ఎప్పుడూ ఎవలో ఒకలం మనమే."

"నేను వెళ్ళిపోతున్నాను కదా?"

"ఇన్నాను."

ఉండమ్మా అనలేదు. ఒక్క చూపుతో కూడా బతిమాలలేదు. వాళ్ళ తాతల నాటి పాట మరో రెండు వారాల్లో నీళ్ళలో పడబోతోంది. ఆవిడ లేచి, చీర దులుపుకుని, "మీ గుంటడికి సోడిపిండి అట్టుకెళ్ళు, బలం" అని ఒక మూట చేతిలో పెట్టింది. అంత నిబ్బరం నేను పెద్ద పెద్ద ఇళ్ళల్లో చూడలేదు.

పడవ ఎక్కేటప్పుడు మాత్రం తుడుము కొట్టే ఆ చేతులు అంచు పట్టుకోవడానికి తడుముకున్నాయి.

22 డిసెంబరు

పిల్లాడు ఫోను చేశాడు, కనక హోటలుకి. గది శుభ్రం చేశాడట. స్టవ్ కొన్నాడట. "అమ్మా, నువ్వొచ్చేసరికి అన్నం వండి పెడతాను" అన్నాడు. ముప్ఫయ్యో తారీఖున కచ్చితంగా బయల్దేరతానని చెప్పాను.

27 డిసెంబరు

పొద్దున్నే లేచి దంచడం మళ్ళీ మొదలుపెట్టాను. పగలు ఎండకి కళ్ళు మంట, అందుకని.

30 డిసెంబరు, బుధవారం

నడుం పట్టేసింది. జీపు డ్రైవరు హారన్ కొట్టి కొట్టి వెళ్ళిపోయాడు. నడుం నొప్పితో ఘాట్ రోడ్డు మీద ప్రయాణం మంచిది కాదు. నాలుగు రోజులాగి వస్తానని శ్రీకాంత్‌కి ఫోను చేశాను. సరే అన్నాడు కానీ గొంతు చిన్నదైంది. వాడికి ఏం చెప్పను?

ఈయన నడుంకి రాయడానికి నూనె వేడిచేసి తెచ్చారు. నేను అప్పుడు ఉప్పు బస్తా ఒంటిచేత్తో జరుపుతున్నాను. చూశారు. నూనె గిన్నె గట్టు మీద పెట్టి వెళ్ళారు.

1 జనవరి 1999

రేపు పుష్య పున్నమి. రోలు మూడుసార్లు కడిగాను. పసుపు రాసి, ముగ్గు పెట్టాను. లోపల ఒక్క గింజ, ఒక్క నలుసు లేకుండా గుడ్డతో తుడిచాను. రోకలికి కొత్త ఇనప పొన్ను వేయించాను. పండగనాడు మూడు చుట్లు వాయిస్తారట. ఆ మూడింట్లో ఒక్కసారి పడినా చాలు.

సుక్రి పిలుపు ఇదట, తుడుము తర్వాత రెండు బరువైన పోట్లు, గింజల్ని చేత్తో ఒక ఎగదోపు. నోటితో లెక్క వేసుకుంటున్నాను. ఎన్నిసార్లు లెక్కవేసినా సరిగానే వస్తోంది.

2 జనవరి, శనివారం

ఇది ఇవాళే రాయాలి.

తలంటుకుని, కొత్త చీర కట్టుకుని, చీకట్లో రోలు ముందు నిలబడ్డాను. మంచు మొన్నటి కంటే దట్టం. ఏడు మెట్టల మీద ఒక్క దగ్గు లేదు, ఒక్క కోడి లేదు. అంత నిశ్శబ్దంలో అన్ని వందలమంది ఉన్నారని తెలుస్తూనే ఉంది.

డోలు. కొమ్ములు. డప్పు. గజ్జెలు. మోరి. తుడుము.

రోకలి ఎత్తాను. లెక్క వేశాను. వేసేసరికి దాటిపోయింది. డోలు మళ్ళీ మొదలైంది.

మొదటి చుట్టు పోయింది. ఈసారి ముందే ఎత్తి పట్టుకుని ఉన్నాను. డప్పు, గజ్జెలు, మోరి, తుడుము. వేశాను. ఖాళీ రాయి మీద పొన్ను ఖణేల్‌మంది. తుడుము ఆగకముందే పడింది, పింగాణీ పగిలినట్టు. నీళ్ళవతల ఎవరో పిల్ల కిసుక్కుమంది, ఎవరో ఆ పిల్ల నోరు మూశారు. అదీ వినబడింది.

రెండో చుట్టు పోయింది. ఇన్నాళ్ళూ తెలియకుండా చేసిన పని, తెలిసి చేయబోతే రావడం లేదు. రోకలి కింద పెట్టేశాను. ఏడుపు వచ్చింది. మూడో డోలు మోగింది.

వెనక తలుపు చప్పుడు. ఈయన వచ్చారు. భుజాన తువ్వాలు, చేతిలో చేట. నా వైపు చూడలేదు. చేటలోని వేయించిన గింజలు రోట్లో పోశారు. ముగ్గు చెదిరింది, పసుపు మీద నల్లగా గింజలు పరుచుకున్నాయి.

"కొట్లో పొడి లేదు" అన్నారు. "దంచు."

పెళ్ళైన దగ్గర నుంచీ ఈయన చెప్పే మాటలు ఇలాంటివే. ఒళ్ళు మండింది. పండగపూట, నేను ఇలా నిలబడి ఉంటే, ఈయనకి పొడి కావాలి! రోకలి అందుకున్నాను. వేడి గింజల వాసన ముఖాన కొట్టింది. ఎప్పటిలాగే కాళ్ళు ఎడం పెట్టుకుని, చెంగు దోపుకున్నాను. ఎప్పుడు పొయ్యి రాజేశారు ఈ మనిషి? వేయించడం ఎప్పుడు నేర్చుకున్నారు? కొన్ని మాడ్చారు కూడా. ఈ మాడినవి ఏరకుండా...

రెండు పోట్లు పడ్డాయి. చేత్తో ఎగదోశాను.

మెత్తగా, లోతుగా, రాయి కడుపులోంచి వచ్చినట్టు. కాళ్ళ కింద బండ వణికి, ఆ వణుకు నీళ్ళలోకి దిగి వెళ్ళడం అరికాళ్ళకి తెలిసింది.

ఖాళీ లేదు. తుడుముకీ డోలుకీ మధ్య సందు లేదు. చుట్టు పూర్తయింది.

ఆ తర్వాత మూడు చుట్లకే ఆపలేదు వాళ్ళు. ఎండ పడేదాకా తిప్పుతూనే ఉన్నారు. నేను దంచుతూనే ఉన్నాను. గింజలు అయిపోతే ఈయన మళ్ళీ పోశారు. మంచు చిరిగే ముందు, ఆరో మెట్ట మీద ఈశ్వరమ్మ గొంతు, గట్టిగా కాదు, పక్కింటావిడతో అన్నట్టు:

"తుడుము ఆలీసమైందేటమ్మా?"

"లేదమ్మా" అన్నాను, మామూలు గొంతుతోనే. "సరిగ్గా ఉంది."

నీళ్ళమీద ఏడు చోట్ల నవ్వులు.

3 జనవరి

ఏడాదికి సరిపడా కాఫీ పొడి ఉంది. పొట్లాలు కట్టడానికి కాగితాలు చాలలేదు.

4 జనవరి, సోమవారం

జీపుకి ట్రంకు పెట్టె ఎక్కించారు. మంగ్లు వచ్చాడు, కనక వచ్చింది. "మళ్ళీ ఎప్పుడు అక్కా?" అని కనక అనబోయి, మంగ్లు చూపు చూసి నోరు నొక్కుకుంది. ఈయన డ్రైవరుతో టైర్ల గురించి మాట్లాడారు. జీపు కదిలేటప్పుడు కిటికీలోంచి ఒక పొట్లం ఇచ్చారు. విప్పితే వేయించిన గింజలు. మాడలేదు.

వంపు తిరిగేటప్పుడు వెనక్కి చూశాను. రోటి మీద బస్తాలు లేవు. అరిటాకు కప్పి, ఎగిరిపోకుండా చిన్న రాయి పెట్టి ఉంది.

9 జనవరి, శనివారం, విజయనగరం

శ్రీకాంత్ రెండు పూటలా కడుపునిండా తింటున్నాడు. సోడిపిండితో అంబలి కాస్తే, "ఇదేంటమ్మా, బాగుంది" అన్నాడు. ఇక్కడ రోలు లేదు, ఇంటివాళ్ళ మిక్సీ ఉంది. గింజలు అందులో వేయలేదు. డబ్బాలో పోసి ఉంచాను.

కార్తీక పున్నమికి ముందే రేవుకి వెళ్ళి, పుష్యం దాకా ఉండాలి. ఆ రెండు నెలలు వాడికి అన్నం ఎలాగో అని, ఇప్పటి నుంచీ వంట నేర్పుతున్నాను. ఇవాళ పప్పు పెట్టాడు, ఉప్పు ఎక్కువైంది.

వస్తావా అని ఎవరూ అడగలేదు.